యూర్కో పేరు మీద ఎత్తిన కథ

మా పోశన్నకు ఒక పాడు అలవాటు ఉంది. ఎవరినీ అడగకుండా వాళ్ళ పేరు మీద కథ ఎత్తేస్తాడు. మా లేబర్ క్యాంపులో ఎవరి కాలు విరిగినా, ఎవరి ఐడీ కార్డు ఆఫీసులో ఇరుక్కున్నా, ఊళ్ళో ఎవరి భార్యకు నెలలు నిండినా, ఆ శుక్రవారం వాళ్ళ పేరు దేవుడికి వినిపించి మల్లన్న కథ మొదలుపెట్టాల్సిందే. సదరు మనిషికి ఇష్టమా కాదా అన్న ఆలోచన ఆయన బుర్రకు తట్టదు. నేనెంత మొత్తుకున్నా, తిట్టానా కొట్టానా, దేవుడి ముందు పేరు చెప్పానంతే కదా అని నవ్వేస్తాడు. ఆ అలవాటే కిందటి ఏడాది మా పీకల మీదికి తెచ్చింది.

పోశన్నది జగిత్యాల జిల్లా, కోరుట్ల దగ్గరి పల్లె. కురుమలు. వాళ్ళ ఇంట్లో మగవాళ్ళంతా గొర్రెలు కాశారు, ఒగ్గు కథ చెప్పారు. ఒగ్గు కథ కూర్చుని చెప్పేది కాదు, నిలబడి ఆడుతూ పాడుతూ చెప్పేది. ఒకడు డోలు కొడతాడు, ఒకడు కథ నడుపుతాడు, ఇంకొకడు పక్కన నిలబడి ఆయన ఆగిన చోటల్లా "గప్పుడేమాయె?" అని అడుగుతాడు. ఆ అడిగేవాడు లేకపోతే కథ ముందుకు కదలదు. పోశన్న తండ్రి కథ చెబితే పక్క ఊళ్ళవాళ్ళు బండ్లు కట్టుకుని వచ్చేవారట. ఈ మాట పోశన్నే చెప్పాడు కాబట్టి సగం తగ్గించుకుని వినండి.

ఖతర్‌లో ఆ అడిగేవాడిని నేను. నా పేరు గంగాప్రసాద్, మాది మెట్‌పల్లి. మా వంశంలో డోలు ముట్టుకున్నవాడు లేడు. ఐటీఐ చదివి, నాలుగు ఇంగ్లీషు ముక్కలు నేర్చుకుని, రాస్ లఫాన్‌లో పరంజాలు కట్టే గ్యాంగుకు సూపర్‌వైజర్‌గా వచ్చాను. పోశన్న నా గ్యాంగులో మనిషి. సైట్‌లో ఆయన నా మాట వినాలి, శుక్రవారం నేను ఆయన మాట వినాలి. ఈ ఒప్పందం ఎవరు కుదిర్చారో నాకైతే తెలియదు. డోలుకు బదులు ఖాళీ నీళ్ళ క్యాను ఉంటుంది, దాన్ని వాయించేది నిజామాబాద్ మతీన్. మధ్యాహ్నం భోజనాలయ్యాక మెస్ హాలు మాకు వదలడానికి క్యాంప్ బాస్ రఫీయుద్దీన్ సాబ్ ఒప్పుకున్నాడు. ఆయన హైదరాబాదీ. చప్పుడు తగ్గించుకోమని తలుపు దగ్గర నిలబడి అరుస్తాడు, తర్వాత అక్కడే నిలబడి కథంతా వింటాడు.

పోశన్న ముందు దుబాయ్‌లో చేశాడు, తర్వాత దోహాలో స్టేడియంల పరంజాలెక్కాడు, ఇప్పుడు రాస్ లఫాన్‌లో గ్యాస్ ట్యాంకుల చుట్టూ పైపులు బిగిస్తున్నాడు. యాభై దాటింది. ఇన్నేళ్ళూ ఊళ్ళో ఇల్లు నడిపింది ఆయన భార్య భూమవ్వ. బీడీలు చుట్టింది, ఇద్దరు ఆడపిల్లలను పెంచింది, గోడ కూలితే గోడ కట్టించింది. పోశన్న సెలవు మీద ఊరికి పోతే చుట్టంలా కూర్చోబెట్టి మర్యాద చేస్తుంది. ఆమెకు ఖతరైనా దుబాయే, కువైటైనా దుబాయే.

ఇక ఓస్తాప్ సంగతి. మా సైట్‌లో వెల్డింగ్ ఇన్‌స్పెక్టర్, ఉక్రెయిన్ మనిషి, పోశన్న ఈడువాడే. అల్ ఖోర్‌లో కంపెనీ ఫ్లాటులో ఒంటరిగా ఉంటాడు. భార్య ఊళ్ళో ఉంది, ఒక్కడే కొడుకు యూర్కో సైన్యంలో చేరి తూర్పున కందకాల్లో ఉన్నాడు. ఓస్తాప్ ఒక అతుకు బాగాలేదన్నాడంటే దేవుడు దిగివచ్చినా సంతకం పెట్టడు. అందుకని వెల్డర్లు ఆయనకు దూరంగా తిరిగేవారు. నేనూ అంతే.

ఎండాకాలం నడి పగలు బయట పని చేయించకూడదని ఇక్కడ రూలు. ఆ వేళలో అందరం ఏసీ షెడ్డులో నడుం వాలుస్తాం. ఒకరోజు ఓస్తాప్ ఆ షెడ్డులో ఓ మూల కూర్చుని ఫోనులో ఫోటోలు చూసుకుంటున్నాడు. నీళ్ళకని అటు పోయిన పోశన్న ఆయన భుజం మీదుగా తొంగి చూసి అక్కడే ఆగిపోయాడు. ఫోటోలో పచ్చటి కొండ, దాని నిండా గొర్రెలు. పోశన్న నన్ను చెయ్యి పట్టి లాక్కెళ్ళి, ఈ గొర్రెలు ఎవరివో అడగమన్నాడు. మా తాత కాసిన కొండ ఇది, కార్పాతియన్ కొండలంటారు, మేం తరతరాలుగా గొర్రెలోళ్ళం అన్నాడు ఓస్తాప్. పోశన్న ముఖం చూడాలి అప్పుడు. తప్పిపోయిన తమ్ముడు దొరికినట్టు పక్కనే చతికిలబడ్డాడు.

ఆ రోజు నుంచి వాళ్ళిద్దరికీ నేను దుబాసీని. నడుం వాల్చే వేళ కాస్తా పోయింది. నాకు ఒళ్ళు మండేది, కానీ వినడం మొదలుపెట్టాక లేవలేకపోయేవాడిని. వాళ్ళ దేశం మీదికి ఎవరెవరు వచ్చారో ఓస్తాప్ వేళ్ళు ముడిచి చెప్పబోతే వేళ్ళు చాలలేదు. పోలండ్ రాజులు, టర్కీవాళ్ళు, ఆస్ట్రియా చక్రవర్తులు, రష్యా జార్లు. గుర్రాల మీద తిరిగే కొసక్కులు వందల ఏళ్ళు వాళ్ళతో పోరాడారు. మొదటి ప్రపంచ యుద్ధం చివర సొంత జెండా ఎగరేశారు, కొద్ది ఏళ్ళకే దాన్ని పోగొట్టుకున్నారు. ఓస్తాప్ తాత వసీల్ కాలానికి ముందు సోవియట్లు వచ్చారు, తర్వాత జర్మన్లు వచ్చారు, వాళ్ళను తరిమి మళ్ళీ సోవియట్లు వచ్చారు. జర్మన్లు పడుచువాళ్ళను రైళ్ళలో కుక్కి వెట్టికి పట్టుకుపోతుంటే వసీల్ గొర్రెలను అన్నకు అప్పజెప్పి, తుపాకి పట్టి అడవికి పోయాడు. జర్మన్లు పోయినా ఆయన అడవి దిగలేదు.

"ఒక్క మందకు ఎన్ని తోడేళ్లు, సారూ" అన్నాడు పోశన్న. ఆ మాట ఇంగ్లీషులో చెబితే ఓస్తాప్ మొదటిసారి నవ్వాడు.

ఆ వారమే పోశన్న వసీల్ కథ ఎత్తాడు. ఓస్తాప్‌ను క్యాంపుకు పిలిచాడు. పాపం ఆయన కూడా అల్ ఖోర్ నుంచి కారు నడుపుకుంటూ, ఒక డబ్బా స్వీట్లతో వచ్చి ముందు వరసలో కూర్చున్నాడు. పోశన్న బండారి పెట్టుకున్నాడు. మల్లన్న పసుపును మావాళ్ళు బండారి అంటారు. మతీన్ క్యాను మీద దరువు వేశాడు. పోశన్న దేవుళ్ళందరినీ తలచుకుని, చేతులెత్తి, ఈ కథ ఓస్తాప్ కొడుకు యూర్కో పేరు మీద, వాడి నిండు ఆయుష్షు కోసం చెబుతున్నానని ప్రకటించాడు. నేను తల పట్టుకున్నాను. ఓస్తాప్‌కు ఆ తెలుగులో కొడుకు పేరొక్కటే అర్థమై సంతోషంగా తల ఊపాడు.

తల పట్టుకోవడానికి కారణం ఉంది. పోశన్న ఇంటి పద్ధతిలో ఒకరి ఆయుష్షు కోసం ఎత్తిన కథను మధ్యలో వదలకూడదు. వదిలితే ఆ పేరుగల మనిషికే కీడని వాళ్ళ నమ్మకం. ఇంకొకటి, ఆ కథ ఏడుపుతో ముగియకూడదు. ఎవరికో ఒకరికి మంగళహారతి పాడి దించాలి. మల్లన్న కథైతే ఇబ్బంది లేదు, చివర ఏమవుతుందో పుట్టిన పిల్లవాడికీ తెలుసు. ఇదేమో వసీల్ కథ. దీని చివర ఏముందో పోశన్నకే తెలియదు.

కథ అయ్యాక పళ్ళేల దగ్గర నిలబెట్టి కడిగేశాను. యుద్ధంలో ఉన్న పిల్లవాడి పేరు పెట్టడానికి నీకు నోరెలా వచ్చింది, కనీసం చివర ఏమైందో అడిగావా అన్నాను. అడగలేదట. చివర ముందే తెలిస్తే గొంతులో బయటపడుతుందట, వినేవాళ్ళు పట్టేస్తారట. అందుకని ఏ వారానికి ఆ వారం ఓస్తాప్ దగ్గర ఒక ముక్క తీసుకుని అదే చెబుతాడట.

"నేను దించలేని కథ ఇంక పుట్టలే తమ్మీ. నువ్వు ఊకె బుగులువడకు" అన్నాడు.

నిజం చెప్పాలి, చెప్పినన్ని వారాలూ అద్భుతంగా చెప్పాడు. వసీల్ వసీలన్న అయ్యాడు. ఆయన భార్య పరాస్క పరాస్కవ్వ అయింది. అడవిలో వసీల్, ఆయన తోటివాళ్ళు నేల కింద గది తవ్వుకుని దాక్కునేవారు. పైన మూతగా ఒక చెక్కపెట్టె, దాని నిండా మట్టి, మట్టిలో చిన్న ఫర్ మొక్క, మన దేవదారు లాంటిది. మొక్కతో సహా పెట్టె ఎత్తితే లోపలికి దారి. పొగ కనబడకుండా గొట్టాన్ని ఒక తొర్ర చెట్టులోకి తిప్పేవారు. మంచు పడితే చలికాలమంతా బయటికి రావడానికి లేదు, అడుగుల గుర్తులు పట్టిస్తాయి. పోశన్న ఆ మంచును చెబుతుంటే, జీవితంలో మంచు చూడని మావాళ్ళు దుప్పట్లు వెతుక్కున్నంత పని చేశారు. పరాస్కవ్వ ఉతికే బట్టల గంపలో కింద రొట్టెలు పెట్టుకుని, అడుగు జాడ పడకుండా వాగు నీళ్ళలోనే నడిచి అన్నం మోసేది. ఆ చన్నీళ్ళను చూపించడానికి పోశన్న చెప్పులు విప్పి మెస్ హాలు గచ్చు మీద ఒక్కో అడుగు వేశాడు. రఫీయుద్దీన్ సాబ్ కూడా తన కాళ్ళ వంక చూసుకున్నాడు.

ఓస్తాప్ ప్రతి వారం నా చేత ఇంగ్లీషులో చెప్పించుకుని, దాన్ని తన భాషలో ఫోనులో పలికి కొడుకుకు పంపేవాడు. యూర్కోతో పాటు అతని తోటివాళ్ళు కూడా కందకంలో వింటున్నారట. ముత్తాతల కాలం గురించి వాళ్ళ బడిలో చదివింది వేరు, ఒక కురుమాయన చెప్పింది వేరు అని నవ్వుకుంటున్నారట. నేను అడిగే "గప్పుడేమాయె?" ఓస్తాప్‌కు బాగా నచ్చింది. ఆయన నేర్చుకున్నాడు, కొడుక్కి నేర్పాడు. తర్వాతి శుక్రవారాలలో నేను నోరు తెరవకముందే ముందు వరస నుంచి ఓస్తాప్ వంకర తెలుగులో అడిగేవాడు, హాలంతా గొల్లుమనేది. నా ఉద్యోగం పోయిందని మతీన్ ఏడిపించేవాడు.

ఒకసారి మాత్రం నవ్వులు లేవు. పోశన్న షెడ్డులో ఓస్తాప్‌ను సూటిగా అడిగాడు. మీవాళ్ళు ఏ తప్పూ చెయ్యలేదా, మా నాయన చెప్పేవాడు, హీరో తప్పు దాస్తే ఆయన మంచిని కూడా జనం నమ్మరని. నేను అది తర్జుమా చెయ్యడానికి నసిగాను. ఓస్తాప్ చేతిలోని ప్లాస్టిక్ కప్పు కింద పెట్టాడు. ఉత్తరాన వొలీన్ అనే చోట, మా జెండా పట్టినవాళ్ళే పోలిష్ ఊళ్ళ మీద పడి ఆడవాళ్ళనూ పిల్లలనూ చంపారు అన్నాడు. మా తాత అక్కడ లేడు, కానీ జెండా అదే, ఆ మాట వదలకుండా చెప్పు అన్నాడు. పోశన్న చెప్పాడు. క్యాను ఆపించి, ఆడకుండా, పాడకుండా, మామూలు గొంతుతో చెప్పాడు. ఆ వారం నేను ఏమీ అడగలేదు, ఎవరూ అడగలేదు.

తర్వాతి ముక్కలో పరాస్కవ్వ పట్టుబడింది. వాగు గట్టున సోవియట్ సైనికులు గంప బోర్లించారు, రొట్టెలు బయటపడ్డాయి. ఇవి ఎవరికని ఎంత కొట్టినా ఆమె నోరు విప్పలేదు. పాలు తాగే కొడుకును ఇంటి దగ్గర తన తల్లికి అందించి సైనికుల వెంట నడిచింది. పోశన్న అక్కడ ఆపి, మిగతాది వచ్చే వారమన్నాడు. ఆ ముక్క ఓస్తాప్ పంపాడు, యూర్కోకు చేరినట్టు ఫోనులో గుర్తు కూడా పడింది. జవాబు రాలేదు.

మర్నాడూ రాలేదు. వారమంతా రాలేదు. దళం ఆఫీసు నుంచి ఓస్తాప్ భార్యకు వచ్చిన కబురు ఒకటే: దాడి జరిగింది, సమాచారం లేదు. ఓస్తాప్ సైట్‌కు వస్తున్నాడు, అతుకులు చూస్తున్నాడు, సంతకాలు పెడుతున్నాడు. షెడ్డులో మాత్రం మా వైపు రావడం లేదు. గురువారం నన్ను పిలిచి, కథ ఇక మాఫీ, ఇక వద్దు, మా అవ్వను కొట్టే ముక్క నా కొడుకు చివరగా విన్నాడు, ఇంకా వినే ఓపిక నాకు లేదు, పోశన్‌తో చెప్పు అన్నాడు.

చెప్పాను. పోశన్న ముఖం మాడిపోయింది. నేను పండగ చేసుకోవాలి నిజానికి, ముందే చెప్పానా లేదా అని గంతులెయ్యాలి. కానీ ఆయన భయం నాకూ పట్టుకుంది. నాకు ఆ నమ్మకాలు లేవంటాను గానీ, ఒక పిల్లవాడు ఉన్నాడో లేడో తెలియనప్పుడు వాడి ఆయుష్షు కోసం ఎత్తిన కథను మధ్యలో వదలడానికి నాకూ చేతులు రాలేదు.

"సారుకు అసలు సంగతి జెప్పాలె. అడగకుంట పేరు వెట్టిన. నేనే జెప్పాలె" అన్నాడు పోశన్న.

శుక్రవారం కథ వేళకు ఇద్దరం బస్సెక్కి అల్ ఖోర్ వెళ్ళాం. ఓస్తాప్ తలుపు తీశాడు, గడ్డం మాసి ఉంది. పోశన్న గుమ్మంలోనే నిలబడి సంగతంతా చెప్పాడు, నేను మాట మాట తర్జుమా చేశాను. విన్న ఓస్తాప్ ఎర్రబడ్డాడు. నా కొడుకు పేరు పెట్టడానికి నువ్వెవరు అన్నాడు. ఇంకా చాలా అన్నాడు. అందులో సగం నేను తెలుగులోకి దింపలేదు. పోశన్నకు తర్జుమా అవసరం పడలేదు, తల వంచుకుని అన్నీ తిన్నాడు. చివరికి ఓస్తాప్ అలసిపోయి, ఇది ఎలా ముగియాలి అని అడిగాడు. ఎవరో ఒకరికి మంగళం పాడి దించాలని పోశన్న చెప్పాడు.

"అయితే విను" అన్నాడు ఓస్తాప్. "మా తాత గెలవలేదు. ఆ చలికాలమే చుట్టుముట్టారు. ప్రాణాలతో చిక్కడం ఇష్టంలేక లోపలే తుపాకి పేల్చుకున్నాడు. గదిని బాంబుతో పేల్చేశారు. దీనికి పాడతావా మంగళం?"

తలుపు వేసేశాడు. తిరుగు బస్సులో పోశన్న కిటికీ వైపు తిరిగి కూర్చున్నాడు.  కథలో చచ్చినవాడికి మంగళం పాడకూడదు. పాడకపోతే కథ దిగదు. బతికినట్టు మార్చి చెప్పొచ్చు కదా అని నేనంటే, నా వైపు చూసిన చూపుకు నేనే సిగ్గుపడ్డాను. వొలీన్ సంగతి దాచనివాడు ఇది దాస్తాడా.

సాయంత్రం భూమవ్వ ఫోను చేసింది. పోశన్న స్పీకర్ పెట్టే మాట్లాడతాడు, క్యాంపులో రహస్యాలు దాచడం ఆయనకు రాదు. ఏంజేత్తానవ్, తిన్నవా అని ఆమె అడిగితే ఈయన మొత్తం వసీలన్న కథే చెప్పుకొచ్చాడు. ఆమె అంతా విని బీడీల చాట పక్కన పెట్టింది, ఆ చప్పుడు మాకు వినబడింది.

"మరి ఆమేమైంది?" అంది.

"ఎవలు?"

"నీ తలకాయ. అన్నం మోసినామె. పొల్లగాన్ని ఇడిసిపెట్టి పోయినామె. మొగోడు సచ్చిండని కథ ఒడిసిపోతదా? నువ్వు దుబాయ్ పోయినప్పటిసంది గీ ఇంట్ల కథ ఎవలు నడిపిండ్రు?"

 మతీన్ క్యాను పట్టుకుని బయటికి వెళ్ళి మరీ నవ్వాడు.

మర్నాడు పొద్దున ఓస్తాప్ కారు దిగేసరికి మేమిద్దరం ఎదురుగా నిలబడ్డాం.  పోశన్న ఒక్కటే అడగమన్నాడు: మీ అవ్వ తిరిగి వచ్చిందా?

ఓస్తాప్ కారు తలుపు వేసి చెప్పాడు.  వచ్చింది. సైబీరియా క్యాంపులో ఏళ్ళ తరబడి గడ్డకట్టిన నేల తవ్వింది. స్టాలిన్ పోయిన కొన్నాళ్ళకు వదిలారు. రైలు దిగి, కొండ ఎక్కి ఇంటికి వచ్చింది. పాలు తాగే వయసులో వదిలిన కొడుకు, అంటే ఓస్తాప్ తండ్రి, బడికి పోయే పిల్లవాడై గుమ్మంలో ఆడుకుంటున్నాడు. ఈమెవరని అమ్మమ్మ కొంగు వెనక దాక్కున్నాడు. కొన్ని రోజులకు ఆమె అడవికి పోయి ఆ గది ఉన్న చోటు వెతికింది. గది కూలి గుంటగా మిగిలింది. గదిని పేల్చినప్పుడు పక్కకు ఎగిరిన ఆ చిన్న ఫర్ మొక్క పడిన చోటే వేళ్ళు దించి, ఆమె కంటే ఎత్తు పెరిగి ఉంది. చచ్చిపోయేదాకా ఆమె ఏటా ఆ చెట్టు దగ్గరికి మనవడిని వెంటబెట్టుకుని పోయి రొట్టె పెట్టి వచ్చేది. మన పని అయిపోయిందనుకున్నవాళ్ళు చాలామంది, వాళ్ళెవరూ ఇప్పుడు లేరురా అబ్బాయీ అని చెప్పేదట.

పోశన్న ఆయన చేతులు పట్టుకున్నాడు. ఈ కథ దించనివ్వు సారూ అన్నాడు. ఓస్తాప్ టోపీ తీసి తల తుడుచుకున్నాడు.

"చెప్పు" అన్నాడు. "నా కొడుకు ఉన్నా లేకపోయినా, మా అవ్వ ఇంటికి రావడం మాత్రం నిజం."

తర్వాతి శుక్రవారం మెస్ హాలులో నిలబడడానికి చోటు లేదు. సంగతి అందరికీ తెలిసిపోయింది. నేపాలీలు వచ్చారు, కేరళవాళ్ళు వచ్చారు, తెలుగు ముక్క రానివాళ్ళు గోడలకు ఆనుకుని నిలబడ్డారు. ఓస్తాప్ ముందు వరసలో, గడ్డం గీసుకుని, ఇస్త్రీ చొక్కాతో కూర్చున్నాడు. పోశన్న వసీలన్న చావు దాచకుండా చెప్పాడు. దాని మీద ఆగలేదు. పరాస్కవ్వను మంచులో తవ్వించాడు, రైలెక్కించాడు, కొండ ఎక్కించాడు. గుమ్మంలో కొడుకు కొంగు వెనక దాక్కునే చోటికి వచ్చేసరికి పోశన్న గచ్చు మీద మోకాళ్ళ మీద కూర్చున్నాడు. మొదటిసారి దుబాయ్ నుంచి వెళ్ళినప్పుడు ఆయన చిన్న కూతురు కూడా భూమవ్వ వెనక అలాగే దాక్కుందట. హాలులో చాలామందికి అలాంటి గుమ్మం ఒకటి ఉంది. ఎవరూ తల ఎత్తలేదు.

కథ ఆగిపోయింది. అడగాల్సింది నేను, ఆ గుమ్మం దగ్గరే ఉండి మరిచిపోయాను. ముందు వరస నుంచి ఓస్తాప్ అడిగాడు, గప్పుడేమాయె అని.  పోశన్న లేచాడు, ఫర్ చెట్టును మెస్ హాలు పైకప్పు దాకా పెంచాడు, పరాస్కవ్వకు మంగళం పాడాడు. రఫీయుద్దీన్ సాబ్ చప్పుడు మాట అసలు ఎత్తలేదు. పోశన్న ఓస్తాప్ నుదుట బండారి పెట్టాడు. ఆ పసుపు తుడుచుకోకుండానే ఆయన కారెక్కి అల్ ఖోర్ వెళ్ళాడు.

ఆ ముక్కను కూడా ఓస్తాప్ తన భాషలో పలికి కొడుకుకు పంపాడు. ఈసారి చేరినట్టు గుర్తు పడలేదు. రోజులు గడిచాయి. పోశన్న మాత్రం కథ దిగిందని, ఇక తన పని అయిందని, మిగతాది మల్లన్న చూసుకుంటాడని ధీమాగా తిరిగాడు. పైపులు బిగించాడు, నన్ను వెక్కిరించాడు. అంత నమ్మకం ఎక్కడి నుంచి వస్తుందో నాకు అర్థం కాలేదు. కొన్నిసార్లు కోపం కూడా వచ్చింది.

ఒక పొద్దున డ్యూటీ ముందు మీటింగులో హెల్మెట్లు పెట్టుకుని వరసల్లో నిలబడ్డాం. సేఫ్టీ ఆఫీసరు బెల్టుల గురించి చెబుతున్నాడు. గేటు వైపు నుంచి ఓస్తాప్ పరిగెత్తుకుంటూ వచ్చాడు. సైట్‌లో పరిగెత్తితే మెమో ఇచ్చే మనిషి, వరసలు తోసుకుని వచ్చి, ఏమీ చెప్పకుండా ఫోను పోశన్న చెవికి పెట్టాడు. మీట నొక్కడం మరిచిపోయాడు, నేను నొక్కాను.

ఎక్కడో ఆసుపత్రి చప్పుళ్ళు. ఎవరో దగ్గారు. తర్వాత ఒక బొంగురు గొంతు, పడుచు గొంతు, ఒక్కో అక్షరం కూడబలుక్కుంటూ వచ్చింది.

"పోశన్. గప్పుడేమాయె?"

పోశన్న కిందికి కూర్చుండిపోయాడు, ఆ దుమ్ములోనే. యూర్కో కాలికి దెబ్బ తగిలి ఏదో ఆసుపత్రిలో పడి ఉన్నాడట, ఫోను కందకంలోనే పోయిందట, ఇవాళ నర్సు ఫోను దొరికిందట. ఓస్తాప్ నవ్వుతూ ఏడుస్తూ చెబుతున్నాడు. అవ్వను పట్టుకున్న దగ్గర ఆపేశారు, అప్పటి నుంచీ పడుకుని అదే ఆలోచిస్తున్నా అన్నాడట. సేఫ్టీ ఆఫీసరు యల్లా యల్లా, కదలండి అని అరుస్తున్నాడు, ఎవరూ కదలలేదు. పోశన్న ముఖం తుడుచుకుని, ఫోను నోటి దగ్గర పెట్టుకుని, గొంతు సవరించుకున్నాడు.

"ఇను బిడ్డా" అన్నాడు. "మీ అవ్వ ఇంటికచ్చింది."